తలుపుకు అంటించిన కాగితం

ఊరు ప్రాజెక్టులో మునగకముందు హనుమండ్లు సుంకరి. డప్పు మెడకేసుకుని ముప్పై ఏళ్లు సర్కారు మాట ఇంటింటికీ చేరవేసిన మనిషి. పశువులకు సూదులన్నా, పన్ను గడువన్నా, చెవిటి బాలవ్వ గుమ్మం ముందు రెండోసారి చెబితే గాని కదిలేవాడు కాదు. అలాంటివాడికి ఒక్క మాట చెప్పడానికి సర్కారుకు మూడేళ్లుగా నోరు రాలేదు.

అతడు అడిగింది కొండంతేమీ కాదు. ముంపు ఊళ్లలో పద్దెనిమిది నిండిన పిల్లలకు విడిగా ఇంటి జాగా ఇస్తామన్నారు. కూతురు నవతకు అప్పటికే నిండాయి. అన్న సంసారం, తండ్రి, తను అంతా ఒకే రేకుల షెడ్డు. సొంత గదిలో కుట్టుమిషను వేసుకుని తన బతుకు తాను బతకాలని ఆ పిల్ల ఆశ.

ఈసారి ఆఫీసులో కొత్త క్లర్కు మమతారాణి ఫైలు వెతికి తీసింది. మూడేళ్లలో ఆ మాత్రం చేసింది ఆమె ఒక్కతే.

"ఇది ఎప్పుడో తేలిపోయింది పెద్దాయనా. వయసు రుజువు లేదని కొట్టేసిండ్రు. రెండేండ్లాయె. నోటీసు అందిన నెల లోపల అప్పీలు చేసుకోవాలె. గడువు దాటిపోయింది."

"మాకు ఎవ్వరు చెప్పలే మేడం."

"పాత ఊర్ల మీ ఇంటి తలుపుకు అంటిచ్చినట్టు రాసుంది. ఇద్దరు సాక్షులు సంతకాలు గూడ పెట్టిండ్రు."

కాగితం ఇటు తిప్పింది. రెండో సంతకం హనుమండ్లుదే.

గుర్తొచ్చింది. రెండేళ్ల కింద, ఈ ఆఫీసు సారు జీపు బానెట్ మీద నలభై కాగితాలు. అప్పటికే ఊరు నీళ్లలో ఉంది. "ఊర్లెకు పోవుడెట్ల సారూ?" అని అడిగాడు కూడా. "రూలు గది. పెట్టు" అన్నాడు సారు. పెట్టమన్నచోట పెట్టడం ముప్పై ఏళ్ల అలవాటు. నలభైకీ పెట్టాడు. ఒక్కటీ చదవలేదు.

కోపం రావాలి, రాలేదు. ఏడుపూ రాలేదు. తిమ్మిరెక్కిన కాలులా లోపలంతా మొద్దుబారింది. "మంచిది మేడం" అని దండం పెట్టి బయటికి వచ్చాడు.

నవత మెట్ల మీద కూర్చుంది. ఒళ్లో కవరు, అందులో పదో తరగతి మెమో. పుట్టిన తేదీ ఉన్న ఆ ఒక్క కాగితం రెండేళ్ల కింద ఇస్తే సరిపోయేది.

"ఏమన్నరు బాపు?"

"రాదట బిడ్డా. రెండేండ్ల కిందనే కొట్టేసిండ్రట. మన తలుపుకు కాయితం అంటిచ్చిండ్రట."

"ఏ తలుపుకు? పాతింటి తలుపు పీకి తెచ్చి షెడ్డుకు పెట్టుకున్నం గదా! రోజూ నేనే తీస్తున్న, నేనే ఏస్తున్న. ఏ కాయితం లేదు."

"లేదు."

"మరి అంటిచ్చిండ్రని చెప్పినోడెవడు?"

"నేనే" అన్నాడు. "సాక్షి సంతకం నాది."

నవత ఏమీ అనలేదు. వినబడలేదేమోనని, బాలవ్వకు చెప్పినట్టే, రెండోసారి చెప్పాడు.