తాళం ఇచ్చిన మనిషి

"'అంగడి గడప నేనెప్పుడూ తొక్కలేదు' అని కోర్టులో ఒక్క మాట చెప్పు వదినా, చాలు" అన్నాడు మునియప్ప. లక్ష్మీదేవమ్మ అప్పుడే వేయించిన బొరుగుల్లోంచి ఇసుక జల్లిస్తోంది. అతను ఆ మాట అని, జల్లెడలోంచి గుప్పెడు తీసి నోట్లో పోసుకుని వెళ్లిపోయాడు. మరిది కదా, అడిగేదెవరు?

గడప తొక్కలేదట! బాగేపల్లి బజారులో మొగుడు గురప్ప బొరుగుల అంగడికి పదిహేనేళ్లు వడ్లు ఉడకబెట్టింది, ఆరబోసింది, పొయ్యి ముందు కూర్చుని కాలిన ఇసుకలో వేయించింది ఆమే. మధ్యాహ్నం గురప్ప అన్నం తిని పడుకుంటే, ఎండ వాలేదాకా అంగట్లో కూర్చుని కొలిచి పోసిందీ ఆమే. నిద్ర లేచి వచ్చిన మొగుడు, తెలిసినవాళ్లెవరైనా కనబడితే, "ఊరికే కూచోనుండాది లేప్పా" అనేవాడు. ఆ 'ఊరికే' విన్న ప్రతిసారీ ఆమెకు కడుపు మండేది. ఒక్కనాడూ పైకి అనలేదు, అదే ఆమె చేసిన తప్పు.

పందొమ్మిది వందల అరవై ఒకటిలో గురప్ప పోయాడు. సూతకం ఉన్న చేతులతో అంగట్లో దేవుడి పటానికి దీపం పెట్టకూడదు. అలాగని చీకట్లో వదిలేయనూ కూడదు. అందుకని అలాంటప్పుడు తాళం పరాయివాళ్లకిచ్చి దీపం పెట్టించడం ఆ బజారు వాడుక. అంగడి గది సుబ్బరాయప్పది, వీళ్లు నెల బాడుగకున్నారు. ఎదురింటి మనిషి, పెద్దమనిషి. "పదకొండు దినాలు దీపం పెట్టించప్పా" అని ఆమే పోయి తాళం అతని చేతిలో పెట్టింది. ఏం పెద్దమనిషో! పదకొండు దినాలూ దీపం పెట్టించాడు, పన్నెండో నాడు సొంత తాళం వేశాడు. "అంగడి వద్దని తాళం తెచ్చిచ్చింది నువ్వే గదమ్మా" అన్నాడు, కనురెప్పైనా వేయకుండా.

అన్న బాడుగ అంగడి తనకే రావాలని మునియప్ప చిక్కబళ్లాపురం కోర్టుకెక్కాడు. లాయరు పురుషోత్తమ ఉపాయం చెప్పాడు. "అన్నతోపాటు నడిపింది నువ్వేనని నువ్వు చెప్పు. అంగడి సంగతే తెలీదని ఆమె చెప్పాల. ఏ సంబంధమూ లేని ఆడమనిషి తాళమిస్తే ఖాళీ చేసినట్లు కాదు."

వాయిదా నాడు బస్సులో ఆమెకు ఇదే ఆలోచన. అబద్ధం చెబితే అంగడి మరిదిదవుతుంది. నిజం చెబితే, నడిపే మనిషే తాళమిచ్చిందని సుబ్బరాయప్పకే పోతుందేమో. ఎటు తిరిగినా తనది కాదు. "మాకు అంగడొస్తే నీకేం తక్కువక్కా, రెండు పూట్లా సంకటి పెడతాము గదా" అని తోడికోడలు కెంపమ్మ మొన్నే అంది. పదిహేనేళ్ల చాకిరీకి రెండు ముద్దలు, అదీ వాళ్లు దయతలిస్తే. ఈ ఏడాదిగా వాళ్లింట్లో వేయించేది తను, పాతపాళ్య, పరగోడు ఊళ్లు తిరిగి అమ్ముకుని డబ్బు రొండిన దోపుకునేది మరిది. మొగుడున్నన్నాళ్లూ ఊరికే కూర్చున్న మనిషి. ఇప్పుడు గడపే తొక్కని మనిషి. ఇలా తీసేసుకుంటూ పోతే చివరికి తనంటూ ఏం మిగులుతుంది? ఏడుపొచ్చింది. పక్కన మునియప్ప నేర్పిన జవాబులే మళ్లీ మళ్లీ చెప్పిస్తున్నాడు.

బోనెక్కింది. ప్రమాణం చేయించాక గుమాస్తా తలెత్తకుండానే పేరడిగాడు. చెప్పింది. మొగుడి పేరడిగాడు. చెప్పింది.

"ఏం పని చేస్తావమ్మా?"

అన్నిటికీ జవాబులు నేర్పిన మునియప్ప దీనికి నేర్పలేదు. ఆడదాన్ని ఆ మాట అడుగుతారని అతనికి తట్టనేలేదు మరి. గుమాస్తా కూడా జవాబు కోసం ఆగలేదు, "మనెకెలస" అని కన్నడంలో పైకే అనుకుంటూ రాసేశాడు. ఇంటి పనట.

"అది కొట్టేయి సామీ" అంది లక్ష్మీదేవమ్మ.

వెనక మునియప్ప గట్టిగా దగ్గాడు. ఇక ఆ ఇంట్లో తనకు ముద్ద పుట్టదని ఆమెకు తెలుసు. అంగడీ దక్కదేమో. దక్కకపోతే పోనీ.

"బొరుగుల అంగడి నడిపేదాన్ని. పదిహేనేండ్లు నడిపినా. తాళమూ నేనే ఇచ్చినా. దీపానికిచ్చినా, అంగడి ఇయ్యలే. ముందు నా పని రాసుకో సామీ, ఆమీద ఏం అడగాలో అడుగుదురు."