కట్ తర్వాత నవ్వు

ఒస్తాప్‌ను చంపింది యుద్ధం కాదు, జునైదే. ఈ విషయంలో భూషణానికి అనుమానం లేదు. సౌదీలోని తబూక్‌లో, కంపెనీ ఇచ్చిన గదిలో ఎవరైనా వేరే మాట చెప్పబోతే లేచి బయటికి పోతాడు.

ఒస్తాప్ ఉక్రెయిన్ కుర్రాడు. సినిమా నటుడు. తండ్రి ట్రామ్ బండి నడిపేవాడట. మొదటి సినిమాలో గుర్రం కళ్ళెం పట్టుకుని నిలబడ్డాడు. రెండోదానిలో హీరోకి తమ్ముడు. అది పోలండ్‌లో తీస్తుండగా వాళ్ళ దేశంలో యుద్ధం మొదలైంది. ఇక ఇంటికి పోకుండా అక్కడే చిల్లర పనులు చేసుకుని బతికి, మూడో సినిమాకి తబూక్ ఎడారికి వచ్చాడు. అతని సినిమా బతుకు మొత్తం అంతే.

భూషణం యూనిట్ వ్యాను డ్రైవరు. పాలకొల్లు దగ్గర పల్లెటూరు, ఏడో తరగతి చదువు. రోజూ హోటల్ నుంచి లొకేషన్‌కి ఒస్తాప్‌ను తీసుకెళ్ళేది అతనే. ఇద్దరికీ కలిసే భాష లేదు. కుర్రాడు ముందు సీట్లోనే కూర్చునేవాడు. డబ్బాలోంచి పులిహోర పెడితే వేళ్ళు నాక్కునేవాడు. "తిన్నావా?" అన్న ఒక్క మాట నేర్చుకుని, పొద్దున్నే వ్యాను ఎక్కుతూ భూషణాన్నే అడిగేవాడు. భార్య పోయాక భూషణాన్ని ఆ మాట అడిగినవాళ్ళు లేరు.

భార్య రత్తమ్మ హైదరాబాదు కృష్ణానగర్‌లో జూనియర్ ఆర్టిస్టు. ఒకసారి ఆమెను పాడె మీద పడుకోబెట్టి షాట్ తీశారు. చావు షాట్ అయ్యాక ఆ మనిషి చేత కెమెరా వైపు చూసి నవ్వించాలి. ఆ నవ్వు కూడా తీయాలి. చచ్చింది వేషం, మనిషి కాదు అని చెప్పడానికి. తెలుగు సినిమావాళ్ళు అది మరిచిపోరు. ఆ రోజు వాన వచ్చి అందరూ పరుగులు పెట్టి, మరిచిపోయారు. ఏడాది తిరక్కుండా రత్తమ్మ కామెర్లతో పోయింది. డాక్టరు లివరు చెడిందన్నాడు. డాక్టరు మాట భూషణం చెవిన పెట్టలేదు.

ఒస్తాప్‌ది సిపాయి వేషం. ఇసుకలో చచ్చి పడి ఉండాలి. షాట్ అయింది. "కట్" అన్నారు. కుర్రాడి మొహాన ఎర్రరంగు తుడిచి వ్యాను దగ్గరికి పంపేశారు. భూషణం ప్రొడక్షన్ అసిస్టెంటు జునైద్ దగ్గరికి పరిగెత్తాడు. జునైద్‌ది హైదరాబాదు. డైరెక్టరుతో ఇంగ్లీషులో మాట్లాడగలిగిన తెలుగువాడు యూనిట్‌లో అతనొక్కడే.

"బాబూ, డైరెక్టరు గారితో చెప్పండి. కుర్రాడి చేత ఒక్కసారి నవ్వించమనండి. కెమెరా ఇంకా అక్కడే ఉంది."

"ఏందన్నా, ఇది ఫిలింనగర్ అనుకుంటున్నవా? రేపు గుమ్మడికాయ గూడ కొట్టమంటవ్."

"గుమ్మడికాయ వద్దండి. నవ్వు చాలు."

"తెల్లోళ్ళకు ఇట్ల చెప్తే నా ఇజ్జత్ పోతది. యల్లా, బండి తియ్."

వ్యానులో భూషణం తనే పళ్ళన్నీ బయటపెట్టి నవ్వి చూపించాడు. వెనక్కి, కెమెరా ఉన్న వైపు వేలు చూపించాడు. ఒస్తాప్‌కి అర్థం కాలేదు. "తిన్నావా?" అన్నాడు.

చచ్చిన సిపాయికి సినిమాలో ఇక పని లేదు. రియాద్‌లో ఇంకో వేషం ఉందన్నారు, తర్వాత లేదన్నారు. వీసా అయిపోయింది. ఒస్తాప్ తన దేశానికే తిరిగి వెళ్ళి పటాలంలో చేరాడు. ఎయిర్‌పోర్టులో దింపింది భూషణమే.

తర్వాత భూషణం ఫోన్లో భాష మార్చే యాప్ వేయించుకున్నాడు. "కెమెరా చూసి ఒక్కసారి నవ్వు. వీడియో పంపు" అని పంపాడు. చాలా రోజులకి ఒక ఫోటో వచ్చింది. ఈసారి యూనిఫాం వేషం కాదు. మొహంలో నవ్వు లేదు. భూషణం మళ్ళీ పంపాడు. ఒక్క టిక్కే పడింది. ఆ తర్వాత పంపినవాటికీ ఒక్క టిక్కే. బండి స్టార్ట్ చేసేముందు ఫోను చూసుకునేవాడు. రెండో టిక్కు పడేలా చేయడం అతని చేతిలో లేదు.

కబురు జునైదే తెచ్చాడు. భూషణం వ్యాను కడుగుతున్నాడు.

"అన్నా, ఒస్తాప్ లేడంట. యూనిట్ గ్రూపుల పెట్టిన్రు."

పైపు భూషణం చేతిలోనే ఉంది. నీళ్ళు ఇసుకలోకి పోతున్నాయి.

"ఆయన మీద చిన్న వీడియో చేస్తున్రు. నాలుగు మాటలు నువ్వు చెప్పాలె అన్నా. నీతోనే కద ఎక్కువ ఉండె."

భూషణం పైపు చక్రం మీదికి తిప్పాడు. జునైద్ గొంతు తగ్గించాడు. "ఆ రోజు ఫుటేజంత చూసిన. నవ్విండన్నా. ముక్కుల ఇసుక పోయి, పండుకునే పకపక నవ్విండు. కెమెరాల ఉన్నది."

భూషణం చటుక్కున తలెత్తాడు. "చావు షాట్ తర్వాతా?"

జునైద్ వ్యాను చక్రం వైపు చూశాడు. అవునంటే సరిపోయేది. నోరు రాలేదు. "ముందు. రిహార్సల్ల."

"చావకముందు నవ్విన నవ్వు దేనికయ్యా?"

"నేనేం జేస్తనన్నా, ఆడ యుద్ధం..."

భూషణం పైపు కట్టేశాడు. "నీ వీడియోకి నా మాట లేదు. ఆ కుర్రాడి పేరు ఇక నా నోట రాదు. నువ్వూ నా ముందు ఎత్తకు, నేను చచ్చేదాకా ఎత్తకు. తప్పుకో, బండి తుడవాలి."