వకుళ వాకిటి కావలి

శ్రావణమేఘములు కొండకొమ్ముల నొరసికొని రేయెల్లఁ గురిసి తెల్లవాఱుసరికి సన్నని తుంపరయై దిగుచుండఁగా కుమ్మరవీధి పెంకుటిండ్ల చూరులవెంట నీరు జలజల జాఱుచుండెను. ఆ వీధికొననున్న యద్దెయింటి యరుఁగుపైఁ దుపాకి తొడలపై నిడుకొని పోలీసు జవాను పైడయ్య కునికిపాట్లు పడుచుండెను. లోపలనున్న వకుళకుఁ గంటినిండ నిద్ర లేక యెన్నాళ్లయ్యెనో!

శతాధికక్షేత్రాధిపతియు దర్పాంధుఁడును నగు కోదండపాణికి వకుళ యొక్కగానొక్క చెల్లెలు. ఆమె తమ పొలమునఁ గూలికి వచ్చెడి సుందరమ్మ కొడుకు ఏలియాను వలచి పెండ్లాడెను. అంతమాత్రమునకే కులాభిమానపిశాచావిష్టుఁడైన యా యన్న "వాని తల నఱికినఁ గాని నాకు ముద్ద దిగదు" అని నలుగురిలో మీసము దువ్వెను. వకుళ హైకోర్టు మెట్లెక్కి న్యాయమూర్తియెదుటఁ గన్నీరు మున్నీరుగా విలపించి భర్తప్రాణమునకుఁ గావలి వేఁడుకొనఁగా నాయన పోలీసులను గట్టిగా మందలించి యాజ్ఞ యొసఁగెను. కోదండపాణి పేరు విన్నఁ గాళ్లు వడఁకెడి యా పోలీసులు వేఱుదారి లేక పైడయ్యను బంపిరి.

ఆహా, యేమి కావలి! చినుగుచీరయు గంజిముంతయుఁ గల యత్త సుందరమ్మ కొడుకును జూడవచ్చిన ప్రతిదినమును "ఎవతెవే నీవు? అచ్చటనే నిలువుము" అని గద్దించి ముంత మూఁత దీయించి కొంగు దులిపించి, వకుళ వెలుపలికి వచ్చి "అయ్యా, యీమె మా యత్తగారు" అని చెప్పినఁ గాని గడప దాఁటనీయఁడు. ఆ ముసలిది సిగ్గుతోఁ జచ్చిపోయెడిది.

ఆ శుక్రవారమునాఁడు కారు దిగి పట్టుపంచె సవరించుకొనుచు జరీవస్త్రము గప్పిన వెండిపళ్లెరముతోఁ గోదండపాణియే వచ్చెను. పైడయ్య దిగ్గున లేచి నమస్కరించెను.

"చెల్లెలికి శ్రావణపుసారె దెచ్చితిని. కోపము చల్లాఱినది. పళ్లెరము వెదకెదవా?"

"అయ్యయ్యో, యెంతమాట దొరా! పుట్టినింటి పసుపుకుంకుమలను నేను దడవుదునా? కండ్లు పోవును!"

ఇట్లు పలికి యా మహారక్షకుఁడు తుపాకిని గోడకుఁ జేర్చి "అన్నగారు సారె తెచ్చిరమ్మా" యని తానే తలుపు తట్టెను. కావలివాని గొంతే కదా యని ఏలియా గడియ తీయఁబోయెను. ఆ మాట వంటయింట నున్న వకుళ చెవిఁ బడెను. తమ యింట సారెను ముత్తైదువలే తెత్తురు గాని మగవాఁ డొంటరిగా నెన్నఁడును దేఁడు. "తీయవలదు!" అని యామె పరుగెత్తుకొని వచ్చునప్పటికే జరీవస్త్రము క్రింది కత్తి పని ముగిసెను. కోదండపాణి చేతులు తుడుచుకొని తొందరలేక కారెక్కెను. పైడయ్య నోరు తెఱచుకొని చూచుచుండెను.

పిదప నుద్యోగభయము పట్టుకొనఁగా నాతఁడు తుపాకి నడ్డముగఁ బట్టి గుమ్మమున నిలిచెను. వార్త విని రొప్పుచు నేడ్చుచు సుందరమ్మ పరుగున వచ్చెను.

"ఎవతెవే నీవు? లోని కెవ్వరును బోరాదు. కోర్టువారి యాజ్ఞ!"

"నా కొడుకు బాబూ! నా కొడుకు!"

లోపల భర్తశిరస్సును దొడపై నుంచుకొన్న వకుళ యా మాటలన్నియు వినెను. ప్రతిదినమును జెప్పెడి యా యొక్కమాట చెప్పుటకు నోరు తెఱచెను. తెఱచిన నోట నేడుపే వచ్చెను. సుందరమ్మ వానలోనే నిలిచియుండెను.