పాడె ఎక్కిన రాక్షసుడు

మొదటి షిఫ్టు కూత కూసి చాలాసేపయింది. సదయ్య ఇంకా బొగ్గుబాయి మొగదల తట్ట పట్టుకొని నిలబడే ఉన్నాడు. బొగ్గు నింపడం ఒక్కడి పని కాదు. ఒకడు చెమ్మసు పారతో ఎత్తిపోస్తే ఇంకొకడు తట్టతో టబ్బుకు మోయాలి. ఇన్నాళ్లూ జోడీగా ఉన్న మొగిలి ఇవాళ వేరేవాళ్లతో కలిశాడు. దిగిపోతూ ఒక్క మాటన్నాడు.

"కోపం చెయ్యకు బావా. పాడె ఎక్కినోనితోని దిగుతె పైకప్పు ఊకుంటదా? నాకు పిల్లలున్నరు."

జోడీ లేనోడికి డ్యూటీ లేదని పని పంచే సర్దారు ఇంటికి పొమ్మన్నాడు.

పాడె ఎక్కిన మాట నిజమే. ఎండాకాలం గోదారి ఇసుకలో ఒక మాయామంత్రాల సినిమా తీశారు. రాక్షస సైన్యానికి మనుషులు కావాలని బాయి కార్మికులను లారీలో తోలుకుపోయారు. వీళ్లకు నల్లరంగు పూయడం దండగని డైరెక్టరు నవ్వాడట. సదయ్యకు కొమ్ములు కట్టి, సేనాపతి శవమని పాడె మీద పండబెట్టి మోయించారు. నిప్పు పెట్టేముందు అతన్ని లేపి గడ్డిబొమ్మను పెట్టారు. కూలి మూడు రూపాయలు, ఒక పూట పులిహోర.

ఆ సినిమా మొన్న టెంటు టాకీసుకొచ్చింది. లేపింది తెర మీద చూపించరు కదా. మొగుడు కాలిపోతున్నాడనుకొని సదయ్య ఆలి లస్మవ్వ గుండెలు బాదుకొని శోకం పెట్టింది. అవతల మగవాళ్ల దిక్కు సదయ్య బీడీ తాగుతూ కూర్చున్నాడన్న సోయే లేదామెకు.

ఆ శోకమే కొంప ముంచింది. ఆలి ఏడ్చిందంటే చావు అయినట్టేనట. రెండు మేకలు కోసి, కల్లు పోసి, కులానికి విందు పెట్టేదాకా సదయ్య తన ఇంటి గడప తొక్కొద్దని కులపెద్ద గట్టయ్య తీర్పు చెప్పాడు. కులానికి ఆకలైనప్పుడల్లా ఎవడో ఒకడికి తప్పు అంటుకుంటుంది. అప్పట్నుంచి సదయ్య పడక అరుగు మీదే.

అతను ఇల్లు చేరేసరికి గట్టయ్య వాకిట్లో కూర్చొని ఉన్నాడు. పుస్తెలు కుదువపెట్టి మేకలు తెమ్మని, లేదంటే గాజులు తియ్యమని లస్మవ్వకు చెప్తున్నాడు. ఆమె చేతిలో చాట కింద పెట్టి లేచింది.

"గట్టయ్య మామా, అదే సినిమాల రాజకుమారుడు గూడ సచ్చిండు గదా. మంత్రం నీళ్లు జల్లితె లేచిండు. ఆయన ఫోటో నువ్వు దేవుండ్ల పక్కన పెట్టి కొబ్బరికాయ కొడ్తున్నవ్. ఆయననెవలన్న మేకలు అడిగిన్రా?"

"ఆయన దేవుని అంశ. మీవోడు రాక్షసుడు," అన్నాడు గట్టయ్య, ముఖం బిగించి.

చూడవచ్చిన ఆడవాళ్లలో ఎవరో కిసుక్కుమన్నారు. లస్మవ్వ నవ్వలేదు.

"ఏడ్చింది నేను. నా ఏడుపు నేను వాపస్ తీసుకుంటున్న. మేకలు తేను. గాజులు తియ్య."

రేపట్నుంచి మీవోడికి జోడీ ఎట్లా దొరుకుతుందో, నీ పొయ్యి ఎట్లా మండుతుందో చూస్తానన్నాడు గట్టయ్య. ఆమె తలుపు బార్లా తీసింది.

"లోపటికి రా," అంది మొగుడితో.

సదయ్య అరుగెక్కి ఆగాడు. వాకిట్లో అందరి చూపూ అతని కాళ్ల మీదే ఉంది. ఒకప్పుడు బాయిలో పైకప్పు కూలిన నాడు శవాల మధ్య నుంచి పాక్కుంటూ బయటికొచ్చిన మనిషి, తన ఇంటి ముందర చెమటలు కక్కుతున్నాడు. ఒకవేళ నేను నిజంగానే సచ్చిన్నా అని లోపల ఎక్కడో గుబులు.

కాలు ఎత్తాడు. ఎత్తిన కాలు గడప మీద గాలిలోనే ఉంది. లస్మవ్వ తలుపు పట్టుకొని అట్లాగే నిలబడింది.