లొవీనా కాలు పెట్టిన మూల

నేను ఒక సబ్బుల పెట్టెను. అవును, ఉత్త చెక్కపెట్టెను. అమెరికాలో ఓ చిన్న ఊళ్ళో రైలు దిగాను. సబ్బులన్నీ అమ్ముడుపోయాక కొట్టాయన నన్ను పెరట్లోకి విసిరేస్తే, ఇక పొయ్యిలోకే అనుకున్నాను. అప్పుడొచ్చింది అల్మైరా టిబెట్స్.

చేతితొడుగులు కుట్టే ఫ్యాక్టరీలో ఆమెకు పని. మనిషి పొట్టి, గొంతు మాత్రం వీధి చివరిదాకా వినబడేది. ఆడవాళ్ళకీ ఓటు కావాలని కూడలిలో మాట్లాడబోతే మగవాళ్ళ టోపీల వెనక అసలు కనబడేదే కాదు. నన్ను చంకన పెట్టుకుపోయి, బోర్లించి, పైకెక్కింది. లోకంలో అందరూ పైకెక్కి పేరు తెచ్చుకుంటారు, నేను బోర్లా పడి తెచ్చుకున్నాను!

ఇంటికెళ్ళి అంట్లు తోముకోమనేవాళ్ళు జనం. పొద్దున్నే తోమే వచ్చానని నవ్వేది అల్మైరా. ఒకరోజు ఒక పెద్దమనిషి ఆమెకు జవాబు చెప్పలేక నన్ను ఒక్క తన్ను తన్నాడు. అత్త మీద కోపం దుత్త మీద చూపడమంటే అదే మరి. నా మూల ఒకటి విరిగింది. అప్పట్నుంచీ ఎక్కితే ఊగేదాన్ని. అల్మైరా ఓ కరపత్రాన్ని మడిచి ఆ మూల కింద దూర్చేది.

ఆమె చెల్లెలు లొవీనా బడిపంతులమ్మ. ఇద్దరూ ఒకే ఇంట్లో ఉండేవారు. అక్క చిరిగిన పావడా అంచులన్నీ చెల్లెలే కుట్టిపెట్టేది. కానీ కూడలికి మాత్రం వచ్చేది కాదు. అక్కడ కనబడితే బడి కమిటీ ఉద్యోగం ఊడబెరుకుతుందని భయం. ఆ మాట దాచకుండా అక్కతోనే చెప్పింది. అల్మైరా ఆమెను ఒక్కసారీ రమ్మని పిలవలేదు. అయితే ఎక్కేముందు ఎదుటి రొట్టెల కొట్టువైపు ఓసారి చూసేది. కొట్టు అద్దం వెనక లొవీనా నిలబడి ఉండేది.

ఒక శనివారం కాగితం జారింది. అల్మైరా కిందపడి మోకాలు చెక్కుకుపోయింది. జనం పగలబడి నవ్వారు. లొవీనా గుమ్మం దాకా వచ్చి, ఒక కాలు బయటపెట్టి, మళ్ళీ వెనక్కి తీసుకుంది. సాయంత్రం అక్కకు కట్టు కడుతూ వెక్కి వెక్కి ఏడ్చింది. పోనీలే అంటూ అల్మైరా ఆమె తల నిమిరింది. నాకైతే ప్రాణం ఉసూరుమంది.

కొన్నేళ్ళకు ఓటు వచ్చింది. ఇక నాకు విశ్రాంతేనని సంబరపడ్డాను. ఎక్కడ! చట్టం ముందు ఆడా మగా సమానం కావాలంటూ అల్మైరా మళ్ళీ నన్ను చంకనెత్తుకుంది. ఓటేసిన ఆడవాళ్ళు కూడా ఇంకా ఏం కావాలమ్మా అని పక్కనుంచి వెళ్ళిపోయేవారు.

ఆ రోజుల్లోనే, నలభై రెండో ఏట, లొవీనా పెళ్ళి చేసుకుంది. వరుడు ఆరిన్ అదే బళ్ళో మాస్టారు, నెమ్మదైన మనిషి. వారం తిరక్కుండా కమిటీ నుంచి ఆమెకు ఉత్తరం వచ్చింది. పెళ్ళైన ఆడదాన్ని మొగుడు చూసుకుంటాడు గనుక రేపట్నుంచి రానక్కర్లేదట. ఆరిన్‌కూ ఒకటి వచ్చింది, పెళ్ళి శుభాకాంక్షలతో. ఆయన ఉద్యోగం ఆయనకుంది. ఒకే బడి, ఒకే పెళ్ళి. మనుషుల లెక్కలు చెక్కబుర్రకు ఎక్కవు.

ఆ శనివారం కూడలిలో పట్టుమని పదిమంది లేరు. అల్మైరా కాగితం దూర్చడానికి వంగింది. పక్కన ఓ నల్ల బూటు ఆగింది. దాని కుట్లలో ఇంకా సుద్దపొడి ఉంది. అది నా విరిగిన మూల కిందికి దూరి గట్టిగా ఆనింది.

"ఆ కాగితం తీసెయ్ అక్కా. నువ్వెక్కు, నేను పట్టుకుంటా," అంది లొవీనా.

అల్మైరా కాగితం జేబులో పెట్టుకుని ఎక్కింది. ఆ రోజు నేను ఇసుమంతైనా ఊగలేదు. ఆపైన పదకొండేళ్ళు ప్రతి శనివారం ఆ కాలు అక్కడే ఉంది.

ఇప్పుడు మ్యూజియంలో ఉన్నాను. ఎక్కరాదని బోర్డు పెట్టారు, నవ్వొస్తుంది. చీటీ మీద అల్మైరా పేరుంది. లొవీనా పేరు లేదు. పాపం, వీళ్ళు మంచివాళ్ళే. నేను పాడైపోయానని జాలిపడి, ఆ మూలకు కొత్త చెక్క వేసి బాగుచేశారు. విరిగిన మూల అలాగే ఉంటే, దీనిమీద అల్మైరా అన్నేళ్ళు ఎలా నిలబడిందని ఎవరో ఒకరు అడిగి ఉండేవారు.