చాలా బావుంది, థాంక్యూ

టీవీ సీరియళ్లకు నటుల్ని ఎంపిక చేసే హెస్టర్ "చాలా బావుంది, థాంక్యూ" అందంటే ఆ వేషం దక్కనట్టే. తడిగుడ్డతో గొంతులు కోయడం లండన్‌లో మర్యాద. నటుడు డెన్‌జిల్ ఆ మాట ఇరవై ఏళ్లుగా వింటున్నాడు.

ఈరోజు హంతకుడి వేషం. గదిలో ఇద్దరే. ఎదుటి పాత్ర మాటలు ఎప్పటిలాగే హెస్టర్ చదువుతోంది. సీను సగంలో డెన్‌జిల్ కాగితాలు విసిరికొట్టి, ఆమెను జుట్టు పట్టి గోడకేసి కొట్టాడు. రెండు చేతులా పీక నొక్కాడు.

"చెప్పవే! ఇప్పుడైనా ఆనానా నీ కంటికి?"

పగిలిన ముక్కులోంచి నెత్తురు నోట్లోకి కారుతోంది. కళ్లు బైర్లు కమ్ముతుంటే ఆమె నాలుక అలవాటు కొద్దీ కదిలింది. "చాలా... బావుంది. థాంక్యూ."

అతని చేతులు ఠక్కున జారిపోయాయి. అతనిదీ అలవాటే మరి! కుర్చీ మీది కోటు తీసుకుని, "పిలిచినందుకు సంతోషం మేడమ్" అంటూ తలుపు దాకా వెళ్లి వెనక్కి తిరిగాడు.

"ఈసారైనా నిజంగా బావుందా?"

ఇన్నేళ్ల అబద్ధం ఇవాళే నిజమైంది. అవునని చెప్పబోతే నలిగిన గొంతులోంచి గాలి తప్ప మాట రాలేదు.

డెన్‌జిల్ జవాబు కోసం కాసేపు చూశాడు. తలుపు గడియ పెట్టి, కోటు మళ్లీ కుర్చీకి తగిలించాడు.