దొంగ ప్రింటులో కత్తెర వీపు

తొమ్మిదింటికి సెలూను తెరిచి, అద్దాలు తుడిచి, మొదటి గడ్డానికి నురగ పట్టించడం కత్తెర పని. అందరూ అతన్ని కత్తెర అనే పిలుస్తారు. ఆ గడ్డం పూర్తవడం మాత్రం అతని చేతిలో లేదు.

ఖర్మ కాకపోతే ఏమిటి! తన హీరో సినిమాకి మొదటి రోజు మొదటి ఆటకి వెళ్లాడు. పాట రాగానే బాత్రూముకని లేచి, వెనకవాళ్లకి అడ్డం కాకుండా నడుం వంచి, కుడివైపు పన్నెండడుగులు నడిచాడు. సరిగ్గా అప్పుడే ఎవడో వెధవ వెనక కూర్చుని సినిమాని ఫోన్‌లో తీస్తున్నాడు. సాయంత్రానికల్లా ఆ దొంగ ప్రింటు అందరి ఫోన్లలోకీ చేరింది, కత్తెర వీపుతో సహా. అప్పట్నుంచి ఎవరు ఆ ప్రింటులో ఆ పాట పెట్టినా, ఎక్కడున్నా సరే, కత్తెర నడుం వంచి పన్నెండడుగులు నడవాల్సిందే. సగం నురగతో కూర్చున్నవాళ్లు "మళ్లీ ఎవరో పెట్టారు" అనుకుని పేపరు తిరగేసేవారు.

కొన్నాళ్లకి సినిమా చల్లబడింది. కానీ రోజూ నాలుగింటికి ఒకడు మాత్రం వదలడు.

"రేపు కూడా కత్తి పట్టుకుని రోడ్డు మీద పడ్డావంటే ఇక పనిలోకి రావద్దు," అన్నాడు ఓనరు విసిగిపోయి.

ఆ సాయంత్రం వదిన ఫోన్ చేసింది. "నాలుగింటికి నడుస్తున్నారట కదా మరిదిగారూ? ఆ పాట పెట్టేది మీ అన్నయ్యే. మీరు కనిపించేదాకా చూసి ఆపేస్తారు. ఫోన్ చెయ్యండంటే మాత్రం చెయ్యరు."

కత్తెరకి ఒళ్లు మండింది. అన్న పడి చచ్చేది ఇంకో హీరో కోసం. ఎనిమిదేళ్ల కిందట ఆ హీరో సినిమాకి దొంగ లింకు దొరికితే, కలెక్షన్లు పడిపోవాలని కనపడ్డవాడికల్లా పంపింది కత్తెరే. అప్పట్నుంచి మాటల్లేవు.

మర్నాడు నాలుగవడానికి ఐదు నిమిషాలుందనగా, ఓనరు గడియారం వంకే చూస్తుంటే, కత్తెర ఫోన్ తీశాడు.

"అన్నయ్యా, నేను. ఆ లింకు పంపడం తప్పే. తలుచుకుంటే సిగ్గుగా ఉంది."



"మీ హీరో సినిమా చెత్తగా ఉందిరా."

"మరి రోజూ ఎందుకు చూస్తున్నావు?"

"సినిమా ఎవడు చూశాడు? నిన్ను చూస్తున్నా. అలా వంగిపోయావేంట్రా, సరిగ్గా తింటున్నావా?"

"మర్యాదకి వంగానన్నయ్యా!"

"నీకు మర్యాద ఎప్పట్నుంచి?"

నాలుగైంది. నాలుగుంపావూ అయింది. కత్తెర ఫోన్ని చెవికీ భుజానికీ మధ్య నొక్కిపెట్టి గడ్డం గీస్తున్నాడు. ఒక్క అడుగు కదల్లేదు. ఓనరు గడియారం వంక చూడటం మానేశాడు.

"సరే, ఆదివారం మీ ఇంటికొస్తా. అప్పుడు తిట్టుకో," అన్నాడు కత్తెర.

అన్న ఫోన్ పెట్టెయ్యలేదు.